దుర్గేష్ గారు ఎందుకు సన్నబడ్డారండి

అయినా అందులో అర్థం చేసుకోవడానికి ఏముందని. ఒక హీరో ఎందుకు సన్నబడ్డాడని అడిగేవాడికి నిజంగా ఏదీ తెలుసుకోవాలని ఉండదు, చేతిలో ఫోనుంది, కడుపులో అన్నం ఉంది, అది అరిగేదాకా ఎవరో ఒకరి ఒంటి గురించి, పెళ్ళి గురించి, పడగ్గది గురించి అడుగుతూ ఉండాలి, అంతే. నా ఉద్యోగం మొత్తం ఈ ఒక్క వాక్యంలో చెప్పేయొచ్చు, కానీ అలా చెబితే ఉద్యోగం ఉండదు కాబట్టి రోజూ కొత్తగా ఆలోచిస్తున్నట్టు నటిస్తాను. రైలు బాదంపూడి దాటింది. ఎదుటి సీట్లో కిటికీ పక్కన మా ఆయన రియాజ్ కళ్ళు మూసుకుని కూర్చున్నాడు, నిద్రపోవడం లేదు, నిద్రపోయే మనిషి గొంతు అలా పైకీ కిందకీ కదలదు, ఉమ్మి మింగడం కూడా ఒక పనిలా చేస్తున్నాడు. నిన్న సాయంత్రం షాపు నుంచి వచ్చి, చొక్కా గుండీలు విప్పుతూ, నా వైపు వీపు పెట్టి చెప్పాడు, గ్యాస్ ట్రబులేనంట, పోయిన వారం ఏలూరులో గొట్టం వేసి చూశారు, ముక్క తీసి పంపించారు, రిపోర్టు వచ్చిందంట. అంతవరకూ మామూలుగానే ఉంది గొంతు. ఆ తర్వాత, “ఈసారి ఇంట్లోవాళ్ళని తీసుకురమ్మన్నారు” అన్నాడు. మాటల వెనక మనిషికి ఏం కావాలో కనిపెట్టడమే నా వృత్తి. గ్యాస్ ట్రబుల్ అని చెప్పడానికి ఏ డాక్టరూ ఇంట్లోవాళ్ళని పిలవడు. ఆ సంగతి నాకు ఆ క్షణంలోనే తెలుసు, అతనికి నాకంటే ముందే తెలుసు, అయినా ఇద్దరం రాత్రి భోజనాల దగ్గర ఫ్యాను చప్పుడు గురించి మాట్లాడుకున్నాం.

పనంటే ఇది. తెర మీద ఒక ప్రశ్న వస్తుంది, ఎవరో ఎక్కడో ఫోన్లో అడిగింది, పేరు ఉండదు, ఊరు ఉజ్జాయింపుగా ఉంటుంది. దాని కింద సమాధానాలు వరసగా ఉంటాయి. అడిగినవాడికి ఏం కావాలో నేను ముందు నిర్ణయించాలి, ఆ తర్వాత ఒక్కో సమాధానం పక్కనున్న మీటను ఎడమ నుంచి కుడికి జరపాలి, బొత్తిగా పనికిరాదు దగ్గర్నుంచి పూర్తిగా సరిపోయింది దాకా. కంపెనీ ఎక్కడుందో నాకు తెలియదు, నేను ఎవరో వాళ్ళకి అక్కర్లేదు, మధ్యలో లావుపాటి సూచనల పుస్తకం ఒకటి ఉంది, అందులో మనుషులందర్నీ గదులు గదులుగా విడగొట్టి పెట్టారు, తెలుసుకోవాలనుకునేవాళ్ళు, కొనాలనుకునేవాళ్ళు, ఎక్కడికో వెళ్ళాలనుకునేవాళ్ళు, ఊరికే చూడాలనుకునేవాళ్ళు. సైకాలజీ ఎమ్మే చదివినదాన్ని, మొదట్లో ఆ గదులు చూసి నవ్వొచ్చింది. తర్వాత తెలిసింది, ఆ గదులు కూడా ఎక్కువే. సినిమావాళ్ళ గురించి అడిగేవాళ్ళకి ఒక్క గది చాలు. హీరోయిన్ పేరు కొట్టి పక్కన ‘ఇల్లు’ అని రాస్తాడు, ఆ ఇల్లు కొంటాడా వీడు? హీరో పేరు పక్కన ‘ఎత్తు’ అని రాస్తాడు, పక్కన నిలబడి కొలుచుకుంటాడా? ‘అసలు వయసు’, ‘మొదటి భర్త’, ‘ఏడ్చింది’, ఒక్కోసారి పేరు మాత్రమే, ఏమీ అడగకుండా పేరు ఒక్కటి, దేవుడి పేరు అనుకున్నట్టు. తలుపు సందులోంచి చూసేవాళ్ళు. ఆ కళ్ళకి ఏ బొమ్మ సరిపోతుందో చూసి మీట జరపడం, దానికి ఒక ఎమ్మే.

రైలు ఆగింది, ఉంగుటూరు, కదిలింది. బయట చేపల చెరువుల మీద ఏరేటర్లు తిరుగుతున్నాయి, తెల్లగా నురగ కక్కుతూ. వాటి మోటార్లు కాలిపోతే బాగుచేసేది రియాజే. గణపవరం నుంచి కొల్లేటి లంకల దాకా ఏ చెరువు గట్టు మీద ఏ మోటారు ఆగిపోయినా అతనికే ఫోను వస్తుంది, నీళ్ళలో గాలి తగ్గితే చేప తేలిపోతుంది కాబట్టి పరిగెత్తాలి. చేపలకి ఊపిరి పోస్తాను అని పెళ్ళిచూపుల్లో చెప్పాడు, మా నాన్న మెచ్చుకున్నాడు, నేను మెచ్చుకోలేదు, ఎక్కడో విన్న డైలాగులా ఉందనిపించింది. నిజంగానే డైలాగు. దుర్గేష్ సినిమాలోది. అప్పటికే తాడేపల్లిగూడెంలో దుర్గేష్ అభిమాన సంఘానికి రియాజ్ కార్యదర్శి, గణపవరం చెరువుల రైతు బుచ్చిబాబు అధ్యక్షుడు, ఇద్దరూ కలిసి నిచ్చెనెక్కి కటౌట్ నెత్తిన పాలు పోసిన ఫొటో మా ఇంట్లో ఇప్పటికీ ఉంది. ఒక సినిమాలో దుర్గేష్ కుంటాడు, ఆ ఏడు రియాజ్ కుంటాడు. నిజంగా. షాపులో స్పానర్ అందుకోవడానికి కూడా కుంటుకుంటూ వెళ్ళేవాడు, కాలికి ఏమైందండీ అని రైతులు అడిగితే సిగ్గుపడి నవ్వేవాడు. ఇంకో సినిమాకి మీసం, ఇంకో సినిమాకి భుజం మీద తువ్వాలు. తనకంటూ ఒక రూపం లేనివాడు ఇంకొకడి రూపంలో దూరి తలదాచుకుంటాడు, దాన్ని తాదాత్మ్యం అంటారు, మా పాఠాల్లో ఒక అధ్యాయం అది. నా ఇంట్లో అన్నం తింటున్న అధ్యాయం.

ఆ అన్నం కూడా మానేశాడు. ఎప్పటినుంచి? దుర్గేష్ చాలాకాలం కనబడకుండా పోయి, మళ్ళీ కొత్త సినిమాలో కనబడ్డప్పటినుంచి. బుగ్గలు లోపలికి పోయి, కాలరు మెడకి అంటకుండా, వేరే మనిషిలా వచ్చాడు దుర్గేష్. రాష్ట్రం మొత్తం అదే ప్రశ్న. పాత్ర కోసం తగ్గాడంటారు, మత్తు అలవాటైందంటారు, రెండో పెళ్ళాం పీల్చేసిందంటారు, నా తెర నిండా దుర్గేష్ ఎముకలే. అదే సమయంలో రియాజ్ బిర్యానీ వద్దన్నాడు. రొట్టె వద్దన్నాడు. అన్నం కాస్త మెత్తగా వండవా అన్నాడు, తర్వాత జావ చాలన్నాడు. ప్యాంటుకి బెల్టు రంధ్రం కొత్తగా పొడుచుకున్నాడు. నాకు క్షణంలో అర్థమైంది, అందులో అర్థం చేసుకోవడానికి ఏముందని, హీరో సన్నబడ్డాడు, భక్తుడు సన్నబడుతున్నాడు. పక్కింటావిడతో కూడా అన్నాను, “వాళ్ళ హీరో తగ్గాడని ఈయన కూడా తగ్గుతున్నారండి” అని, ఆవిడ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది, రియాజ్ గుమ్మంలో చెప్పులు విప్పుతూ విన్నాడు. విని తనూ నవ్వాడు. ఆ నవ్వుకి నేను ఏ అర్థమూ ఇవ్వలేదు, మీట జరపాల్సిన పని లేనివాటికి నేను అర్థం ఇవ్వను.

ఆ ఫోనుతో మాట్లాడటం ఒకటి. తెలుగులో టైపు చెయ్యడం రాదు, మైకు బొమ్మ నొక్కి నోటితో అడుగుతాడు. మామూలుగా అడిగినా బాగుండేది. ఫోనుని కూడా పెద్దమనిషిని అడిగినట్టే అడుగుతాడు, గొంతు తగ్గించి, కాస్త ముందుకు వంగి, “దుర్గేష్ గారు ఎందుకు సన్నబడ్డారండి?” అని. నేను పక్క టేబుల్ దగ్గర అదే ప్రశ్నని ఇంకెవరిదో తూకం వేస్తూ ఉంటాను, చెవుల్లో ఏమీ పెట్టుకోకపోతే అతని ప్రశ్నలన్నీ వినబడతాయి. “దుర్గేష్ గారు ఎన్నాళ్ళు హాస్పిటల్లో ఉన్నారండి?” “దుర్గేష్ గారి అబ్బాయి ఏం చదువుతున్నాడండి?” “దుర్గేష్ గారికి ఆపరేషన్ ఎక్కడ చేశారండి?” ఫోను ఏదో పాట వేసేది, ఏదో కొత్త సినిమా ముచ్చట చూపించేది, రియాజ్ కాసేపు చూసి, సరేనండి అన్నట్టు తల ఊపి, పక్కన పెట్టేసేవాడు. నాకు ఒళ్ళు మండేది. యంత్రానికి అండీలు చెబుతారేమిటండీ అన్నాను ఒకసారి. “అడిగేది మనం కదా” అన్నాడు. సూచనల పుస్తకంలో ఉంది, గారు, అండి, దయచేసి, ఇలాంటివాటిని లెక్కలోకి తీసుకోనక్కర్లేదు, అడిగినవాడి అవసరానికి వాటితో సంబంధం లేదు.

ఇందుజ గుర్తొస్తోంది ఇప్పుడు, ఎందుకు. కొత్తగా చేరిన పిల్ల, ఏలూరు నుంచి ఫోన్లో పని నేర్చుకునేది నా దగ్గర. ఒకరోజు ఇద్దరి తెర మీదా ఒకే ప్రశ్న ఉంచి నేర్పించాను. దుర్గేష్ గారు అన్నం తినగలుగుతున్నారా అండి. ఊరు, పశ్చిమ డెల్టాలో ఎక్కడో. ఇందుజ చాలాసేపు ఆలోచించి, మేడమ్, ఇతనికేదో నిజంగా కావాలనిపిస్తోందండి, అంది. నేను నవ్వాను. ఏం కావాలమ్మా, క్యారేజీ పంపిస్తాడా అన్నాను. ఆ పిల్ల కూడా నవ్వింది, నవ్వాలి కదా. ఉబుసుపోక అడిగినది, స్పష్టమైన అవసరం లేదు, హీరో భోజనం అలవాట్ల మీద ఉన్న సరదా వీడియోకి మీట కుడివైపు జరిపించాను. ఆ వీడియోలో దుర్గేష్ పాత రోజుల్లో కోడి కాలు కొరుకుతూ ఉంటాడు. అడిగినవాడికి అదే అందుతుంది ఇకనుంచి, ఎన్నిసార్లు అడిగినా, కోడి కాలు కొరుకుతున్న దుర్గేష్.

పుల్లలో జనం ఎక్కారు. కనకాంబరాల బుట్టతో ఒకావిడ నా పక్కన సర్దుకుంది, తెల్లచొక్కా మనిషి ఒకడు రియాజ్ పక్కన కూర్చుని కూర్చోగానే ఫోను తీసి ట్రైలర్ పెట్టాడు, పెట్టె మొత్తం వినేలా. దుర్గేష్ గొంతు. గొంతు మాత్రం పాతదే. బుట్ట ఆవిడ తొంగిచూసి, అయ్యో, పీనుగులా అయిపోయాడు మారాజు అంది. సినిమా కోసం తగ్గాడండి, కోట్లు తీసుకుంటారు ఆ మాత్రం చెయ్యరా అన్నాడు తెల్లచొక్కా. సినిమా కోసమైతే సినిమా అయిపోయాక లావెక్కాలి కదండీ, మొన్న టీవీలో చూశాను, అలాగే ఉన్నాడు, ఇంట్లో పోరు ఉండుంటుంది అంది ఆవిడ, రెండో పెళ్ళి మాట మొదలుపెట్టింది. ఇదీ నా దేశం, నా తెర నడిచొచ్చి నా పక్కన కూర్చుంది, నూనె వాసనతో, పూల వాసనతో. లేచి వేరే పెట్టెలోకి పోవాలనిపించింది. అప్పుడు రియాజ్ కళ్ళు తెరిచాడు. ఇన్నేళ్ళలో దుర్గేష్‌ని ఎవరైనా ఒక మాటంటే గొంతు పెంచడం తప్ప ఎరగనివాడు, మెల్లగా, ఎవరినో నిద్రలేపకూడదన్నట్టు అన్నాడు.

“సినిమా కోసం కాదండి. ఆయనకి మింగుడు పడటం లేదండి.”

తెల్లచొక్కా ట్రైలర్ ఆపాడు. “మీకెవరు చెప్పారండీ?”

“ఎవరూ చెప్పలేదండి. ఆ పిక్చర్లో పెళ్ళి భోజనం సీను ఉంటుంది, చూడండి. ముద్ద పెట్టుకున్నాక మెడ ఇలా పైకెత్తుతారు. చెయ్యి గ్లాసు మీదే ఉంటుంది. డైరెక్టరు పెట్టమన్న గ్లాసు కాదండి అది.”

“అందులో నీళ్ళేనంటారా?” అన్నాడు తెల్లచొక్కా, బుట్ట ఆవిడ వైపు చూసి కన్ను కొడుతూ. ఆవిడ పకపకా నవ్వింది.

“నీళ్ళేనండి,” అన్నాడు రియాజ్. తనూ నవ్వాడు, గుమ్మంలో చెప్పులు విప్పుతూ నవ్విన నవ్వే. “ఆఖర్న ఇంకో సీనుంది. చెరువు గట్టు మీద కూర్చుని సద్ది తింటారు. అందులో గ్లాసు లేదండి. మామూలుగా తినేస్తారు. తగ్గిపోయిందండి ఆయనకి.”

అందుకా. ఆ సినిమాకి మళ్ళీ మళ్ళీ వెళ్ళింది అందుకా. బుచ్చిబాబు బండి మీద గూడెంలో మ్యాట్నీకి, ఇంకోసారి భీమవరంలో, ఇంకోసారి ఒక్కడే, నేను ఎన్నిసార్లు చూస్తారండీ అదే మొహాన్ని అని తిడుతూ ఉంటే తల వంచుకుని వెళ్ళిపోయింది ఒక మనిషి ముద్ద మింగడం చూడటానికా. చీకట్లో, ఈలల మధ్య, కాగితం ముక్కలు ఎగరేసే కుర్రాళ్ళ మధ్య కూర్చుని, పెళ్ళి భోజనం దగ్గర్నుంచి సద్ది దాకా ఎదురుచూడటానికా. మా ఇంట్లో స్టీలు గ్లాసు. కంచం పక్కన ఎప్పటినుంచో ఉంటున్న స్టీలు గ్లాసు, ముద్దకోసారి చెయ్యి దాని మీదకి పోవడం, మెడ పైకెత్తడం, నేను అదంతా చూశాను, కళ్ళతో చూశాను, అది కూడా దుర్గేష్ దగ్గర నేర్చుకున్న వేషమే అనుకున్నాను, మీసం లాగా, కుంటడం లాగా. తాదాత్మ్యం. ఎంత ముద్దొచ్చే మాట. వరస మాత్రమే తిరగబడింది, అతను దుర్గేష్‌ని చూసి సన్నబడలేదు, సన్నబడుతూ దుర్గేష్‌ని వెతుక్కున్నాడు. నాకు చెప్పొచ్చు కదా. పక్క టేబుల్ దగ్గర ఉన్నాను కదా. చెబితే నేనేమనేదాన్ని, ఆ వాక్యం కూడా నాకు కంఠతా వచ్చు, ఏ సినిమాలోదండీ ఈ జబ్బు అనేదాన్ని. ఫోను అలా అనదు. కోడి కాలు చూపిస్తుంది, అంతే. తెల్లచొక్కాకి, బుట్ట ఆవిడకి చెప్పగలిగిన ముక్క నాకు చెప్పలేకపోయాడు, దీనిలో అర్థం చేసుకోవడానికి నిజంగానే ఏమీ లేదు.

భీమడోలు. ఎవరో దిగారు, ఎవరో ఎక్కారు. ఇప్పుడు కూడా నా బుర్ర ఊరుకోవడం లేదు, దాని అలవాటు దానిది. సినిమాలో సీన్లు కథలో వచ్చిన వరసలో తియ్యరు. చెరువు గట్టు సీను ముందే తీసి ఉండొచ్చు, గొంతు బాగున్న రోజుల్లో. పెళ్ళి భోజనం ఆ తర్వాత తీసి ఉండొచ్చు. గ్లాసు లేకపోవడం ముందు, గ్లాసు ఉండటం తర్వాత అయ్యుండొచ్చు. బుగ్గలు గమనించారా, సద్ది సీన్లో కాలరు మెడకి ఎంత దూరంలో ఉంది, అని అడగొచ్చు. నాలుక చివరదాకా వచ్చింది. ఎదుటివాడి నమ్మకంలో బొక్క ఎక్కడుందో కనబడితే వేలు పెట్టకుండా ఉండలేను, చదువు నాకు ఇచ్చింది అదొక్కటే. రియాజ్ నన్ను చూస్తున్నాడు. నేను ఏదో అంటానని ఎదురుచూస్తున్నాడు, అనకపోతే బాగుండునని కూడా చూస్తున్నాడు, ఈ రెండూ ఒకే చూపులో ఉన్నాయి, ఇంతకాలంలో ఎన్నడూ ఇలా ఒక చూపుని విడగొట్టకుండా చూసింది లేదు. నోరు మూసుకున్నాను. అతను కాసేపటికి మళ్ళీ కళ్ళు మూసుకున్నాడు, ఫోను జారిపోతుందని నా వైపు చాపాడు, నేను తీసుకున్నాను, వేడిగా ఉంది. తెల్లచొక్కా ఇంకో వీడియో పెట్టాడు, అందులో ఎవరో దుర్గేష్ ఇంటి గోడ బయట నిలబడి అరుస్తున్నాడు.

ఎంతమంది ఉంటారు. ఆ అన్నం తినగలుగుతున్నారా అండి అని అడిగినవాడు రియాజే కానక్కర్లేదు, ఆ రోజు నేను పక్కనే ఉంటే వినేదాన్ని, లేకపోవచ్చు, వినకపోవచ్చు, ఎన్నటికీ తెలియదు, పేర్లు చెరిపేసి పంపిస్తారు కదా. కైకరంలో ఒకడు, నిడమర్రులో ఒకడు, కొల్లేరు మధ్యలో ఏ లంకలోనో గట్టు మీద కూర్చుని ఒకడు, గొంతు తడుముకుంటూ, తన పేరు చెప్పుకోలేక దుర్గేష్ పేరు చెప్పి అడుగుతున్నవాళ్ళు. నేను వాళ్ళందరికీ ఆ వీడియో పంపించాను. జాలి కలగడం లేదు నాకు, జాలి ఇంకా దూరంలో ఉంది, ఏలూరు అవతల ఎక్కడో, ఇప్పటికి ఉన్నది ఒట్టి చిరాకే, వాళ్ళ మీద, ఇలా పక్కదారిలో అడిగితే ఎవడికి అర్థమవుతుంది అని. సూటిగా అడగొచ్చు కదా. నాకు అన్నవాహికలో గడ్డ వచ్చింది, నేను బతుకుతానా, అని. నేను అడుగుతానా? అడుగు చూద్దాం. ఫోను చేతిలోనే ఉంది. అడగాల్సిన మాటలు నాకు వైద్య పుస్తకం భాషలో కూడా వచ్చు, ఏ మాట ముందు పెడితే ఏ సమాధానం పైకి వస్తుందో నాకంటే తెలిసినవాళ్ళు ఈ జిల్లాలో లేరు. జబ్బు పేరు, దశ, ఎంత శాతం మంది, ఎన్నేళ్ళు. వేలు అక్షరాల మీదకి పోయింది. మొదటి అక్షరం దగ్గరే ఆగిపోయింది. ఆ శాతాలు వస్తాయి, వస్తే చదవాల్సి వస్తుంది, చదివితే ఆ అంకె ఎదురుగా కళ్ళు మూసుకుని ఉమ్మి మింగుతున్న ఆ మనిషి మీద వాలుతుంది, ఇక అక్కణ్ణుంచి లేవదు.

దెందులూరు వెనక్కి పోయింది. బుట్ట ఆవిడ పవర్‌పేటలో దిగాలని సర్దుకుంటోంది, దారిలో కాళ్ళు జరపమంది, జరిపాను. పట్టాల పక్క ఇళ్ళు మొదలయ్యాయి. డాక్టరు గదిలో ఇంట్లోవాళ్ళ కుర్చీ ఒకటి ఉంటుంది, దాన్లో నేను కూర్చోవాలి, ఆయన నా మొహం చూసే మాట్లాడతాడు, రియాజ్ కూడా నా మొహమే చూస్తాడు. ఆ మొహంలో ఏదో ఒకటి ఉండాలి అప్పటికి. ఎక్కణ్ణుంచి తేవాలి. ఫోను తెర వెలిగించాను, మైకు బొమ్మ నొక్కాను. తెల్లచొక్కా నన్నే చూస్తున్నాడు, చూడనీ, సినిమా పిచ్చిది అనుకోనీ. కాస్త ముందుకు వంగి, గొంతు తగ్గించి, ఫోను నోటి దగ్గర పెట్టుకుని, “దుర్గేష్ గారు ఇప్పుడు అన్నం తింటున్నారాండి?” అని అడిగాను.